చెవిలోని కంబము, బూజులోని కంబము

మార్కాపురము చెన్నకేశవస్వామివారి సన్నిధికి పోయిన సోదరీమణులు అచ్చటి మండపములోని చెక్కడపు కంబములను చూచియేయుందురు. ఎంత పనితన మున్నను, ఎన్ని బొమ్మలున్నను, కంబమునకు ముఖ్యధర్మము పైబరువు మోయుట. మా తర్లుపాటికి రైలుదారిలో దాపుననున్న యూరి పేరే కంభము. కావున కంబములనుగూర్చి వ్రాయుటకు మాకు కొంత హక్కు కలదనుకొందును. అయితే నేనీ వ్యాసమున చెప్పబూనినవి రాతికంబములు కావు. బియ్యపుగింజకంటె చిన్నవి, కొన్ని కంటికే యానవు. ఒకటి మన చెవులలో నున్నది. ఇంకొకటి నిలువ రొట్టెపై పట్టిన బూజులో నున్నది. చెవిలోని కంబము బిగిసిపోయినచో నొక యిల్లాలి కాపుర మెంత కలత చెందునో మా వీథిలోనే చూచితిని గనుక, ఇది వినోదమునకు మాత్రమే వ్రాయుట లేదు.

లాటినుభాషలో చిన్నకంబమునకు కాల్యుమెల్లా యని పేరు. మన పాఠ్యగ్రంథములు దానిని స్తంభిక యన్నవి. ప్రకృతిశాస్త్రజ్ఞులు ఈ యొక్కపేరునే చాల తావుల వాడిరి. శంఖమును నిలువుగా కోసి చూచిన, నడుమ నిరుసువంటి కంబమొకటి కానవచ్చును; మెలికలన్నియు దానినే చుట్టుకొనియుండును. అది స్తంభిక. రెండు ముక్కురంధ్రముల నడుమ ముక్కుకొనను నిలిపియుంచు చిన్నగోడ, మన యవ్వలు బులాకీ పెట్టుకొనిన చోటికి దాపున నుండునది, అదియు వైద్యులకు స్తంభికయే. ఒక వీథిలో నలుగురు సుబ్బమ్మలున్నంత మాత్రమున వారు తోబుట్టువులు కానట్లే, ఇవియు నొకదానికొకటి చుట్టములు కావు. ఆకారమును బట్టి పెట్టిన పేరే గాని వంశమును బట్టి పెట్టినది కాదు.

ముందుగా బూజు సంగతి ముగింతును. వానకాలమున నంగడి రొట్టెను సంచిలో చుట్టి మఱచినచో, రెండుమూడు దినములకు దానిపై దూదిపింజవంటి తెల్లని నూగు బయలుదేఱును. మఱునాటికి ఆ నూగుపై మిరియపుపొడి చల్లినట్లు నల్లని చుక్కలు కనబడును. చిట్లిన టమాటాపండుపైనను, దెబ్బతగిలిన చిలగడదుంపపైనను ఇదియే పుట్టును. శాస్త్రజ్ఞులు దీనిని రైజోపసు అందురు, మనకు రొట్టెబూజు. మావారు పనిచేయు బడిలో పిల్లలకు దీనిని సూక్ష్మదర్శినిలో చూపిన దినమున నేనును పోయి చూచితిని.

కంటికి చుక్కగా తోచునది నిజముగా గుండుసూది వంటిది. ఒకటిరెండు మిల్లీమీటర్ల పొడవున సన్నని కాడ, దాని కొనను గుండ్రని తల. ఆ తల యొక సంచి. బూజునకు విత్తనములవంటి రేణువులు, సిద్ధబీజములని గ్రంథములందు వ్రాయుదురు, వేలకొలదిగా దానిలో నుండును. అయితే సంచి నడుమ బోలుగా నుండదు. కాడకొన యుబ్బి, గుమ్మటమువలె సంచిలోనికి చొచ్చుకొని నిలుచును. తలపాగాలోపల తల యున్నట్లని చెప్పవచ్చును. ఆ గుమ్మటమే స్తంభిక. రేణువులన్నియు దాని చుట్టును దాని నెత్తిపైనను ఒత్తుగా కూర్చుండును. స్తంభికయొక్క గోడ రేణువులను కాడనుండి వేఱుచేయును. కాడలోని నీటి యొత్తిడిచే బిగిసి నిలుచుచు వానికి లోపలినుండి ఆసరా యిచ్చును. పక్వమైనపుడు సంచి పైపొర చిట్లిపోవును. కొన్ని రేణువులు గాలికి లేచిపోవును, కొన్ని స్తంభికకే యంటుకొనియుండును. తరువాత నా స్తంభిక యెండి కూలి, బోర్లించిన మూకుడువలె నగును. పని తీరినపిదప కంబమునకు మర్యాద లేదు కాబోలు.

మన యిండ్లలో పైన కనబడిన బూజును గీకివేసి తక్కిన రొట్టెను పిల్లలకు పెట్టుట కలదు. అది తగదు. కంటికి కనబడునది పంట మాత్రమే; దారములు లోతుగా పాఱియుండును. మెత్తని తిండికి బూజుపట్టినచో మొత్తము పారవేయవలెను, వాసన చూడనుగూడదు. బూజుపట్టిన వేరుసెనగపప్పు సంగతి వేఱు, అది యింకను చెడ్డది. ఆ బూజు విషము కాలేయమును చెఱచును. ఇట్లనుటచే రైజోపసు జాతి యంతయు దుష్టమైనదని కాదు. జావాద్వీపవాసులు ఉడికించిన సోయాపప్పులో ఈ జాతిలోనిదే యొక బూజును చల్లి, తెల్లని దిమ్మగా గట్టిపఱచి, టెంపే యను పేర కూర చేసికొని తిందురు. మనము పెరుగు తోడుపెట్టుట వారికెంత వింతయో, ఇది మనకంత వింత.

ఈ జాతియే 2021వ సంవత్సరమున మన రాష్ట్రములను కలవరపెట్టినది. కరోనా రెండవమాఱు విజృంభించిన దినములలో, దానినుండి కోలుకొనుచున్నవారిలో కొందఱికి ముక్కు, దవడ, కన్ను చెడి ప్రాణముమీదికి వచ్చెను. పత్రికలు దానిని బ్లాక్ ఫంగస్ అన్నవి. నలుపు బూజు రంగు కాదు. బూజు రక్తనాళములలో చొరబడి నెత్తురాడనీయక చంపిన కండ నలుపది. మధుమేహము హద్దుమీఱినవారికిని, స్టెరాయిడు మందులు అతిగా వాడబడినవారికిని అది హెచ్చుగా సోకెను. తెలంగాణ ప్రభుత్వము ఆ యేడు మే 20వ తేదీని దానిని తప్పక తెలుపవలసిన వ్యాధులలో చేర్చినది. హైదరాబాదు కోఠిలోని ప్రభుత్వ చెవి ముక్కు గొంతు ఆసుపత్రి దాని చికిత్సకు ముఖ్యస్థానమైనది. ఆ నెలలోనే ఆంధ్రప్రదేశ ప్రభుత్వము ఆ చికిత్సను ఆరోగ్యశ్రీ పథకమున చేర్చినది. రోగి ముక్కునుండి తీసిన తునుకలోని బూజును ప్రయోగశాలలో పెంచి చూచినపుడు, గుండుసూదితలలో స్తంభిక కలదా, కాడ మొదట వేళ్లున్నవా యని పరిశీలించి జాతిని నిర్ణయింతురు. ఈ నిర్ణయము వట్టి పాండిత్యము కాదు. ఆస్పర్జిల్లసు అను వేఱొక బూజునకు వాడు వోరికొనజోలు అను మందు దీనిపై పనిచేయదు. దీనికి ఆంఫోటెరిసిను కావలెను. కంటి కానని కంబమొకటి ప్రాణముతో నింత సంబంధము కలిగియున్నది. ఇది చదివి రొట్టెబూజును చూచి వణకవలదు. దాని రేణువులు గాలిలో నెల్లపుడు నుండును. ఆరోగ్యవంతుల శరీరము వాని నణచివేయుచునే యుండును.

ఇక చెవి. కప్పకు చెవిదొప్ప లేదు. దాని కంటివెనుక చర్మముపై గుండ్రని బిళ్లవంటిది కనబడును. అదియే దాని కర్ణభేరి. కోడికిని దొప్ప లేదు. కంటి వెనుకప్రక్క యీకలు తొలగించి చూచిన రంధ్రము కానవచ్చును, భేరి యా రంధ్రము లోపల నుండును. ఈ రెండింటియందును భేరికిని లోపలి చెవికిని నడుమ నొక్కటే సన్నని యెముకపుల్ల. దీనినే కర్ణస్తంభిక యందురు. కోడిలో దీని వెలుపలికొన మృదులాస్థియై, మూడు వ్రేళ్లవలె చీలి భేరిని పట్టుకొనియుండును. లోపలికొన చిన్నపాదముగా వెడల్పై లోపలిచెవి కిటికీలో నానియుండును. భేరి యదరినపుడు పుల్ల యదరును. పుల్ల యదరిన పాదము కిటికీని తట్టును. వినుట యనగా నీ తట్టుటతోనే మొదలు.

పాము సంగతి మిక్కిలి రసవంతమైనది. అమరసింహుడు పాముపేళ్లలో చక్షుశ్రవమను పేరు చేర్చెను. కన్నులే చెవులైనదని యర్థము. చెవిరంధ్రము గాని భేరి గాని పాముతలపై కనబడకపోవుటచే పూర్వు లట్లూహించియుందురు. అయినను పామునకు లోపలిచెవి యున్నది, కర్ణస్తంభికయు నున్నది. భేరి లేమిచే నా పుల్ల వెలుపలికొన దవడను మోయు నెముకకు తగిలియుండును. నేలపై దవడ యానించి పడుకొనిన పామునకు మన యడుగుల యదటు దవడమూలముగా చెవికి చేరును. గాలిలో వచ్చు మంద్రధ్వనులనుగూడ కొంతవఱకు గ్రహించునని యిప్పటి పరీక్షలు తెలిపినవి. నల్లమల దరిని పొలములకు పోవు స్త్రీలు చీకటివేళ కఱ్ఱతో నేల తట్టుచు నడచుట తెలివైన పనియే.

దవడ మాట వచ్చినది గనుక నొక్క సంగతి. మనుష్యుని చెవిలో నొక్క పుల్ల గాక మూడెముకలు గలవు. సుత్తి, దాగలి, అంకవన్నె యని వాని పేళ్లు. అంకవన్నె యనగా గుఱ్ఱమెక్కువారు కాలుంచు నినుపవలయము. ఈ యెముక రూపమట్లేయుండును. సిసిలీద్వీపపు వైద్యుడు ఇంగ్రాసియా 1546లో దీనిని కనుగొనెను. ఇదియే మన స్తంభిక. కోడిలోని పుల్లయు, మన యంకవన్నెయు నొక్క వంశమువి. ఇచ్చట మాత్రము పేరుతోపాటు చుట్టఱికమును కలదు. తక్కిన రెండు నెక్కడివి? 1837లో జర్మనీదేశపు శాస్త్రజ్ఞుడు రైఖర్టు గర్భస్థశిశువులను పరిశీలించి, పాములు బల్లులు మొదలగువాని దవడకీలులోని రెండెముకలే పాలిచ్చు జంతువులలో సుత్తియు దాగలియునైనవని చూపెను. అత్తాకోడండ్రమాటలు చెవికి మోసుకొనిపోవు నెముకలు ఒకప్పుడు నోటిలోనివే యని తెలిసి నేను నవ్వుకొంటిని. మన నల్లమలలో నుండు పొలుసులమేని యలుగు పాలిచ్చు జంతువే యైనను, దాని మూడవ యెముక యింకను పక్షులదానివలె పుల్లగానే యుండును.

ఈ యంకవన్నె మన దేహములోని యెముకలన్నిటిలో చిన్నది. ఎత్తు 3 మిల్లీమీటర్లకు కొంచెము మించును. తూకము 3 మిల్లీగ్రాములు మాత్రమే, బియ్యపుగింజ తూకమునకు ఇట్టివి అయిదాఱు కావలెను. పురిటిబిడ్డ చెవిలోను పెద్దవారి చెవిలోను దీని కొలత యొక్కటియే. పుట్టిన పిదప నిది పెరుగదు. ఇంతటి చిన్నదానికి పని మాత్రము పెద్దది. లోపలిచెవి నీటితో నిండినది. గాలిలోని ధ్వని నీటిలో చొరజాలదు. నూటికి తొంబదితొమ్మిదిపాళ్లకు మించి వెనుకకు మఱలిపోవును. బావిలో మునిగినవానికి గట్టుమీది మాట వినబడకపోవుటకు కారణమిదియే. ఆ నష్టమును పూడ్చుటకే యీ యెముకలు. భేరి వైశాల్యము అంకవన్నె పాదమునకు 17 రెట్లు. అంత వెడల్పున పడిన యొత్తిడి యంత చిన్నపాదముపైకి చేరునపుడు తీక్ష్ణమగును. చదునైన చెప్పుతో త్రొక్కినదానికిని మేకుతో పొడిచినదానికిని గల భేదమిది. కంబము చక్కగా కదలుచున్నంతకాలము గుసగుసయు వినబడును.

కంబము బాధ్యత తెలిసినపిదప, మనము చెవిని చేయు నాగడములు తలచుకొని భయము పుట్టును. పిన్నీసు, అగ్గిపుల్ల, కోడియీక, దూదిచుట్టిన పుల్ల, ఏది చేతికందిన నది దూర్చుట, పిల్ల యేడ్చిన వెల్లుల్లి వేసి కాచిన నూనె పోయుట, పసరు పిండుట. గుమిలి చెవికి కావలియేగాని మురికి కాదు. నూనెయు తేమయు కలిసిన చెవిలో బూజు పెరుగును. నా రెండు విషయములు కలియు చోటిది. చెవిలో పెరుగునది తఱచుగా నల్లతల ఆస్పర్జిల్లసు. వైద్యులు దానిని తడిసిన వార్తాపత్రికతో పోల్చుదురు, తెల్లనిపొరపై నల్లనిచుక్కలుండుటచేత. దాని కాడకొనయు నుబ్బియుండును గాని చుట్టును సంచి లేదు, రేణువులు గొలుసులుగా బయటనే పుట్టును. దానిని స్తంభిక యనరాదు. చెవి దురద, దిమ్ము, కొంచెము చెముడు దీని గుర్తులు. వైద్యుడు శుభ్రపఱచి మందు వేసిన పోవును. నూనె పోసిన పెరుగును.

పిల్లలకు జలుబుచేసినపుడు ముక్కువెనుక గొట్టముగుండ చీము మధ్యకర్ణమునకు చేరి, భేరి చిల్లిపడి కాఱుట మన యూళ్లలో మెండు. పసిబిడ్డను వెల్లకిల పరుండబెట్టి పాలు పట్టుట దీనికి తోడగును. తల యెత్తి పట్టవలెను. "చెవి కాఱుట పిల్లలకు మామూలే, పెద్దయిన పోవును" అను మాట చాల నష్టము చేసినది. ఏండ్లతరబడి కాఱినచో నెముకలు కొఱుకుడుపడును. ముందుగా నరిగిపోవునది దాగలి కాలు. దానితో వంతెన తెగి, అంకవన్నె యొంటరిగా మిగులును. చెంపపై కొట్టిన దెబ్బకుగూడ భేరి చిట్లునని చెప్పవలెను. బడిపంతులు భార్యను గనుక ఈ మాట గట్టిగానే వ్రాయుచున్నాను: బడిలోగాని యింటిలోగాని లెంపకాయ శిక్ష కాదు, గాయము.

వంతెన తెగినవారికి 1950వ దశకమున జర్మనీలో వుల్‌స్టైను, జోల్నరు అను వైద్యులు ఉపాయములు కనిపెట్టిరి. వానిలో నొకటి నా కథకు ప్రాణమువంటిది. సుత్తియు దాగలియు చెడిపోగా, క్రొత్తగా కుట్టిన భేరిని నేరుగా అంకవన్నె తలపై నానించుట. అనగా నొక్క కంబముతో వినుట. దానిని నేటికిని వైద్యులు స్తంభికాపద్ధతి యనియే పిలుతురు. కోట్లకొలది సంవత్సరముల క్రిందట విడిచివచ్చిన కప్ప చెవిని, కోడి చెవిని, వైద్యుడు మనుష్యునకు మఱల నమర్చుచున్నాడు. అది చక్కగానే పనిచేయుచున్నది.

ఇంతవఱకు చెప్పినవానికి నొప్పియో చీమో గుఱుతుండును. గుఱుతు లేక వచ్చు చెముడొకటి కలదు, అది స్త్రీలకు హెచ్చు. అంకవన్నె పాదము చుట్టును క్రొత్తయెముక పుట్టి, కిటికీలో దానిని తుప్పుపట్టిన గడియవలె బిగించివేయును. వియన్నా నగరపు వైద్యుడు పోలిట్జరు 1893లో దీనికి ఓటోస్క్లిరోసిసు అని పేరిడెను. ఇరువది నలువదియేండ్ల నడుమ మొదలగును; చికిత్సకు వచ్చువారిలో స్త్రీలు పురుషులకు రెండింతలుందురు. కొన్ని కుటుంబములలో తల్లినుండి బిడ్డకు వచ్చును. కొందఱు గర్భవతులైనపుడు చెముడు హెచ్చినదని చెప్పుదురు. గర్భమే కారణమగునా యనుటలో వైద్యులకు నేకాభిప్రాయము లేదు. చెవిలో హోరు వినబడును. నమలునపుడు ఎదుటివారిమాట తెలియదు. వీనికంటె విపరీతమైన గుఱుతులు రెండు కలవు. తమ గొంతు తలయెముకగుండ తమకు గట్టిగా వినబడుటచే నిట్టివారు మెల్లగా మాటలాడుదురు. మఱియు సద్దులో వీరికి మాటలు బాగుగా వినబడును.

రెండవది నమ్మశక్యము కాకుండుటచే విశదపఱతును. 17వ శతాబ్దపు ఆంగ్లవైద్యుడు థామసు విల్లిసు ఒక స్త్రీ సంగతి వ్రాసెను. ఆమెకు డోలు మ్రోగుచున్నంతసేపే మాటలు వినబడునట. భర్త యామెతో మాటలాడుటకై యొక డోలువానిని కొలువున నుంచుకొనెనట. కారణము సులభము. సద్దులో నెదుటివారు గొంతు పెంచుదురు. ఆ సద్దు బిగిసిన చెవికి అంతగా చేరదు. పెంచిన గొంతు మాత్రము చేరును.

మా వీథిలోని యొక కోడలికి ఈ గుఱుతే శత్రువైనది. ఇరువదియెనిమిదేండ్ల పిల్ల, రెండవ కాన్పు తరువాత మెల్లమెల్లగా వినికిడి తగ్గినది. క్రొత్తగా కాపురమునకు వచ్చిననాడు "గొంతెత్తదు, ఎంత వినయము" అన్న యత్తగారే పిమ్మట "పిలిచిన పలుకదు, ఎంత పొగరు" అనసాగిరి. ఆ మెల్లని గొంతు, ఆ పలుకమి, రెండును నొక్క కంబమువలననే యని యెవ్వరికి తెలియును? ఒకమాఱు అందఱును తర్లుపాటిలో రైలెక్కి గుంటూరికి పెండ్లికి పోయిరి. పెట్టె గడగడలాడుచుండగా వీరు కేకలు వేసికొని మాటలాడుకొనిరి. ఆ పిల్ల అన్నిటికి చక్కగా బదులు చెప్పినది. ఇంటికి వచ్చినపిదప అత్తగారు మా యరుగుపై కూర్చుండి, "రైలులో వినబడునట, ఇంటిలో వినబడదట! దొంగచెముడు కాకున్న నింకేమి?" అనిరి. రోగమునకు సాక్ష్యము చెప్పవలసిన గుఱుతే ఆమె నేరమునకు సాక్ష్యమైనది. ఒక వైద్యుడు నరముల బలహీనత యని రెండేండ్లు బలమునకు మందులిచ్చెను.

మావారు బడినుండి శ్రుతిదండము తెచ్చిరి. ఇది చిమటావంటి యుక్కుకడ్డీ. తట్టిన నొకేస్వరము మ్రోగును. జర్మనీ వైద్యుడు రిన్నే 1855లో చెప్పిన పరీక్ష యిది: మ్రోగుచున్న కడ్డీ కాడను చెవివెనుక నెముకపై నానింపవలెను, తరువాత కొనలను చెవియెదుట పట్టవలెను. మంచిచెవికి ఎదుట పట్టినపుడే బాగుగా వినబడును. కంబము బిగిసిన చెవికి ఎముకపై నానించినపుడు గట్టిగాను, ఎదుట పట్టినపుడు సన్నముగాను వినబడును. అనగా లోపలి నాడి బాగున్నది, దారిలోని కంబమే చెడినది. ఆ పిల్ల కడ్డీని చెవివెనుక నానించినంతనే ఉలికిపడి కన్నులు పెద్దవిచేసినది. అత్తగారు ప్రక్కనే యుండిరి. ఏమియు ననక కడ్డీని తాము పుచ్చుకొని, తమ చెవివెనుకను, చెవియెదుటను పెట్టుకొని చూచి, లేచి లోనికి పోయిరి. వారమునాటికి పట్టణపు చెవివైద్యుని కడకు కోడలిని వెంటబెట్టుకొని పోయినది వారే. ఇది యింటిలో రోగనిర్ణయము చేసికొనుమని చెప్పుట కాదు. వైద్యుడు యంత్రముతో వినికిడిని కొలిచియే నిశ్చయించును.

చికిత్సకు రెండు దారులు. చెవికి పెట్టుకొను శ్రవణయంత్రము ఈ చెముడునకు చక్కగా పనిచేయును. కోత యిష్టములేనివారు దానితో సుఖముగా నుండవచ్చును. రెండవది శస్త్రచికిత్స. అమెరికాలోని మెంఫిసు నగరమున జాను షే అను వైద్యుడు 1956 మే 1వ తేదీని ఒక స్త్రీ చెవినుండి బిగిసిన యంకవన్నెను తొలగించి, దాని స్థానమున టెఫ్లానుతో చేసిన కృత్రిమపు యంకవన్నెను నిలిపెను. అట్లు తొలగించి క్రొత్తది నిలిపినది అదియే మొదలు. టెఫ్లాననగా అట్టంటుకొనని పెనములకు పూయు పదార్థమే. నేడు పాదమును తీసివేయక దానిలో సన్నని రంధ్రము చేసి, 4 మిల్లీమీటర్లకు పైచిలుకు పొడవును, 0.6 మిల్లీమీటరు లావును గల యొక పుల్లను దానిలో దింపి, పైకొనను దాగలికి తగిలింతురు. మరల స్తంభికయే! నేర్పరి చేతిలో నూటికి తొంబదిమందికి మంచి ఫలము కలుగును. నూటి కొకరికి ఆ చెవి పూర్తిగా పోవు నపాయమును కలదు. అందుచే నొకేసారి రెండు చెవులు చేయరు. చేయించుకొనువారు ఈ రెండు లెక్కలును వైద్యుని నడిగి తెలిసికొనవలెను. ఇంటిలో తల్లికిగాని తోబుట్టువులకుగాని చెముడున్నదేమో చెప్పవలెను.

ఆ కోడలికి కుడిచెవి చేసిరి. మత్తు చెవికి మాత్రమే యిచ్చుటచే బల్లమీదనే వైద్యుడు మెల్లగా అడిగిన ప్రశ్నకు బదులు చెప్పినదట. ఇంటికి వచ్చిన క్రొత్తలో గిన్నెల చప్పుడు భరింపలేక దూదిపెట్టుకొనెడిది. కొన్నివారములు తలస్నానమున చెవిలో నీరు పోనీయరాదు, గట్టిగా ముక్కు చీదరాదు, బరువెత్తరాదు అని వైద్యుని కట్టడి. నీళ్లబిందె, బియ్యపుసంచి అన్నియు అత్తగారే మోసిరి. "ఎప్పటికి తీఱును నీ గడువు?" అని వారు నడవలోనుండి గొణిగిన, వంటయింటిలోనుండి "ఇంక తొమ్మిదిదినములు, అత్తయ్యా" అని బదులు వచ్చెడిది.